బౌద్ధ విహారం ఏ శాఖకు చెందినదో గుర్తించడం ఎలా

బుద్ధగయలో మహాబోధి ఆలయం చుట్టుపక్కల థాయ్‌లాండ్, మయన్మార్, జపాన్, టిబెట్, భూటాన్ సంప్రదాయాల విహారాలు దగ్గరదగ్గరగా ఉన్నందున, శాఖల తేడాలను కళ్లారా చూసి తెలుసుకోవడానికి అది చాలా అనువైన చోటు. అయితే చీవరాల (భిక్షువుల వస్త్రాల) రంగును మాత్రం నమ్ముకోకండి. టిబెట్ లామాలదే కాదు, బర్మా భిక్షువుల చీవరం కూడా తరచు ముదురు ఎరుపే.

ముందుగా మందిరంలో ఎవరి ప్రతిమలున్నాయో, ఏ భాషలో పారాయణం జరుగుతోందో గమనించండి. ప్రధానంగా శాక్యముని బుద్ధుడే కొలువై, పారాయణం పాళీలో సాగుతుంటే అది థేరవాదం. పాళీ త్రిపిటకం (బుద్ధుని బోధల మూడు భాగాల సంకలనం) దానికి ప్రమాణం, అర్హత్వం (క్లేశాలన్నీ తొలగి విముక్తి పొందిన స్థితి) దాని ఆదర్శం. మధ్యాహ్నం దాటాక భిక్షువులు భోజనం చేయరు. దీన్ని ‘హీనయానం’ అనడం మన పాఠ్యపుస్తకాల అలవాటే గానీ, ప్రత్యర్థులు చులకనగా పెట్టిన ఆ పేరును విడిచిపెట్టడమే మర్యాద.

అమితాభ బుద్ధుడు, అవలోకితేశ్వర బోధిసత్త్వుడు వంటివారు కూడా పూజలందుకుంటుంటే అది మహాయాన సంప్రదాయం. సకల జీవుల విముక్తి కోసం తాను బుద్ధత్వం పొందాలనే బోధిసత్త్వ సంకల్పం దానికి కీలకం. అమితాభుని నామస్మరణనే నమ్ముకున్న సుఖావతీ మార్గమూ, ధ్యానానికి పెద్దపీట వేసే జెన్ మార్గమూ ఇందులోనివే.

వజ్రం (పూజలో చేతపట్టే లోహపు పరికరం), ఘంట, మండలం (ధ్యానానికి వాడే చక్రాకార చిత్రం), గురుదీక్షతో కూడిన మంత్రసాధన కనిపిస్తే అది వజ్రయానం. ఇది మహాయానాన్ని కాదని పుట్టినది కాదు. అదే లక్ష్యాన్ని తాంత్రిక సాధనలతో త్వరగా చేరవచ్చంటుంది. టిబెట్, భూటాన్, మంగోలియాలలో ఇదే ప్రధానమైనా, జపాన్‌లోని షింగాన్ శాఖ కూడా ఈ కోవదే కనుక, జపాన్ ఆలయం కనబడగానే జెన్ అని తీర్మానించకూడదు.

తర్వాత వినయ నియమాల (భిక్షువుల క్రమశిక్షణ నియమావళి) గురించి అడగండి. భిక్షువులకు థేరవాదంలో 227, చైనా సంప్రదాయంలో 250, టిబెట్ సంప్రదాయంలో 253 నియమాలున్నాయి. చైనావారు పాటించేది ధర్మగుప్తకుల వినయం, టిబెట్‌వారిది మూలసర్వాస్తివాదులది. రెండూ ప్రాచీన నికాయాలవే (తొలి భిక్షుసంఘ శాఖలవే). అంటే నియమావళి విషయంలో మహాయానం వేరు కుంపటి పెట్టుకోలేదు. 7వ శతాబ్దిలో భారతదేశానికి వచ్చిన చైనా భిక్షువు ఇత్సింగ్ కూడా, మహాయానులకూ, కానివారికీ వినయం ఒకటేననీ, బోధిసత్త్వులను పూజించి మహాయాన సూత్రాలను చదివేవారే మహాయానులనీ రాశాడు.

నాగార్జునకొండ ఇక్ష్వాకు శాసనాలను చదివేటప్పుడు ఈ సంగతి పనికొస్తుంది. అక్కడ కనిపించే అపరమహావినశైలీయ, బహుశ్రుతీయ, మహీశాసక అనేవి నికాయాల పేర్లు కాబట్టి, వాటిని మహాయాన, వజ్రయానాల గళ్లలో ఇరికించకుండా వేరుగా రాసుకోండి.