పాత కాగితంలో ‘కమొడోర్’ అని కనిపిస్తే: ఆ హోదాను సరిగ్గా చదివే పద్ధతి

కెప్టెన్‌కు పైన, రియర్ అడ్మిరల్‌కు కింద ఉండే నౌకాదళ హోదా కమొడోర్. ఈనాటి పట్టికల్లో వరస ఇదే. అయితే ఈ పట్టికనే పట్టుకుని 1755 నాటి నివేదికనో, 1853 నాటి ఉత్తరాన్నో, 1942 నాటి కాన్వాయ్ రికార్డునో చదవబోతే తప్పులో కాలేసినట్టే. చాలాకాలం పాటు చాలాచోట్ల ఇది ర్యాంకు కానే కాదు. ఒక పని అప్పగించినప్పుడు వచ్చి, ఆ పని ముగియగానే పోయే పదవి. కొన్నిచోట్ల మర్యాదకు పిలిచే పిలుపు మాత్రమే. అమెరికాలోనైతే పుట్టి, రద్దయి, మళ్లీ పుట్టి, చివరికి పేరే మార్చుకుంది.

కాబట్టి నౌకాదళ చరిత్ర రాసేవాళ్లు, అనువదించేవాళ్లు, పాత ఫొటోల్లో అధికారులను గుర్తుపట్టాల్సినవాళ్లు ముందుగా మూడు సంగతులు తేల్చుకోవాలి. ఏ నౌకాదళం? ఏ సంవత్సరం? ర్యాంకా, పదవా? మూడూ తేలేదాకా ఆ మనిషిని ఏ మెట్టు మీదా నిలబెట్టకూడదు.

ముందు ఈ పదవి ఎందుకు పుట్టిందో తెలుసుకోండి

1652లో ఇంగ్లండ్‌తో యుద్ధం మొదలైనప్పుడు డచ్ నౌకాదళానికి స్క్వాడ్రన్లను, అంటే కొన్ని ఓడల దళాలను, నడిపించేవాళ్లు ఎక్కువమంది కావాల్సి వచ్చింది. అందర్నీ అడ్మిరల్స్‌ను చేయకుండానే ఆ బాధ్యత అప్పగించడానికి ‘కమాండూర్’ అనే హోదా పెట్టుకున్నారు. డచ్ గడ్డ నుంచి వచ్చి 1689లో ఇంగ్లండ్ రాజైన మూడో విలియం కాలంలో ఈ ఏర్పాటు ఇంగ్లిష్ నౌకాదళంలోకి వచ్చింది. నెదర్లాండ్స్ నౌకాదళంలో ఆ హోదా ఇప్పటికీ ఉంది.

బ్రిటన్‌లో ఇది వేళ్లూనుకోవడానికి అసలు కారణం అక్కడి ప్రమోషన్ పద్ధతి. కెప్టెన్ అయినవాడు జాబితాలో తన వంతు వచ్చేదాకా అడ్మిరల్ కాలేడు. ముందున్నవాళ్లు పైకి వెళ్లాలి, లేదా చనిపోవాలి. ప్రతిభ ఎంత ఉన్నా వరస దాటడానికి లేదు. మరి దూరపు సముద్రంలో ఐదారు ఓడల దళానికి చురుకైన కెప్టెన్‌ను అధిపతిగా పెట్టాలంటే ఎలా? కమొడోర్‌ను చేస్తే సరి. ఆ పదవిలో ఉన్నంతకాలం దళంలోని కెప్టెన్లందరి మీదా అతనికి అధికారం ఉంటుంది. పదవి ముగిస్తే తన జెండా దించేసి, కెప్టెన్ల జాబితాలో తన పాత స్థానానికే తిరిగి వెళ్తాడు. బ్రిటిష్ రికార్డుల్లో ఒకే మనిషి ఒక ఏడాది కమొడోర్‌గా, మరుసటి ఏడాది కెప్టెన్‌గా కనిపించడానికి కారణం ఇదే. దాన్ని ‘హోదా తగ్గించారు’ అని రాసేస్తే ఒక నిర్దోషి మీద మచ్చ వేసినట్టు.

రాయల్ నేవీలో, అంటే బ్రిటన్ నౌకాదళంలో, కమొడోర్ శాశ్వత ర్యాంకు అయింది 1997లోనే. అంతకుముందు తేదీ ఉన్న బ్రిటిష్ కాగితం ఏదైనా పదవిగానే చదవండి.

ఓడ ఎవరి చేతిలో ఉందో చూడండి

పాత బ్రిటిష్ కమొడోర్లలో రెండు తరగతులుండేవి. మొదటి తరగతి కమొడోర్ కింద, అతను ఎక్కిన ఓడను నడపడానికి వేరే కెప్టెన్ ఉంటాడు. రెండో తరగతివాడు దళాన్నీ తన ఓడనూ రెంటినీ తనే చూసుకోవాలి. మొదటి తరగతివాడు రియర్ అడ్మిరల్ యూనిఫాం వేసుకునేవాడు. ఈ విభజన 1958లో పోయింది.

యుద్ధ వర్ణన చదివేటప్పుడు ఈ తేడా చాలా పని చేస్తుంది. 1797 ఫిబ్రవరి 14న జరిగిన కేప్ సెయింట్ విన్సెంట్ యుద్ధం తీసుకోండి. బ్రిటిష్ అధికారి నెల్సన్ అప్పటికి కమొడోర్. అంతకుముందు ఏడాది అడ్మిరల్ జెర్విస్ అతనికి ఆ పదవి ఇచ్చాడు. అతను ఎక్కిన ఓడ పేరు ‘కెప్టెన్’, దాన్ని నడిపే కెప్టెన్ రాల్ఫ్ మిల్లర్. బ్రిటిష్ ఓడల వరస నుంచి బయటకొచ్చి స్పానిష్ ఓడలకు అడ్డు తగలాలన్న నిర్ణయం నెల్సన్‌ది. ఆ మాట ప్రకారం ఓడను తిప్పించే పని మిల్లర్‌ది. కమొడోర్ దళం ఎటు వెళ్లాలో చెబుతాడు, ఓడకు జవాబుదారీ ఓడ కెప్టెనే. ఇద్దరి పేర్లూ దొరికితే ఇద్దరినీ రాయాలి. ఒక్క పేరే దొరికితే కమొడోరే ఓడ కూడా నడుపుతున్నాడేమో పరిశీలించాలి.

అదే ఉదాహరణలో ఇంకో మెలిక ఉంది. నెల్సన్‌కు రియర్ అడ్మిరల్ ప్రమోషన్ ఫిబ్రవరి 20 తేదీతో వచ్చింది. యుద్ధంలో సాహసానికి ఇచ్చిన బహుమానమని చాలామంది రాస్తారు. యుద్ధ వార్త అప్పటికి లండన్ చేరనే లేదు. జాబితాలో అతని వంతు వచ్చింది, అంతే. తేదీలు పక్కపక్కన ఉన్నంత మాత్రాన కారణం అంటగట్టకూడదు.

మన తీరంలో కనిపించే పేర్ల విషయంలో మరింత జాగ్రత్త అవసరం. 1755లో మరాఠాల తోడుగా, కొంకణ తీరపు నౌకా నాయకులైన ఆంగ్రేల సువర్ణదుర్గం కోటను పట్టుకున్న కమొడోర్ విలియం జేమ్స్ రాయల్ నేవీ అధికారి కాదు, ఈస్టిండియా కంపెనీ నడిపిన బాంబే మెరైన్ అధికారి. మరుసటి ఏడాది విజయదుర్గం మీదికి వచ్చిన రియర్ అడ్మిరల్ చార్లెస్ వాట్సన్ మాత్రం రాజు నౌకాదళంవాడు. ఇద్దరూ ఒకే పుటలో కనిపిస్తారు కానీ ఇద్దరి హోదాలూ ఒకే నిచ్చెన మీదివి కావు.

అమెరికా కాగితమైతే సంవత్సరమే దిక్కు

1862కు ముందు అమెరికా నౌకాదళంలో కెప్టెన్‌ను మించిన ర్యాంకు లేదు. ఒకటి కంటే ఎక్కువ ఓడలను నడిపించిన కెప్టెన్‌ను గౌరవంగా కమొడోర్ అనేవారు. ఆ బాధ్యత పోయాక కూడా ఆ పిలుపు జీవితాంతం అంటిపెట్టుకునే ఉండేది. 1853 జులైలో నాలుగు ఓడలతో జపాన్‌లోని ఉరాగా దగ్గర లంగరేసిన కమొడోర్ మాథ్యూ పెర్రీ నిజ ర్యాంకు కెప్టెనే.

1862 జులైలో రియర్ అడ్మిరల్‌తో పాటు కమొడోర్ కూడా చట్టబద్ధమైన ర్యాంకు అయింది. 1899లో రద్దయింది. రెండో ప్రపంచయుద్ధం మధ్యలో, 1943లో తిరిగొచ్చి, యుద్ధం తర్వాత మూలపడింది. 1982లో ‘కమొడోర్ అడ్మిరల్’ అని కొత్తగా పెట్టి, ఏడాది తిరగకుండా ‘కమొడోర్’ అని మార్చి, 1985 నుంచి ‘రియర్ అడ్మిరల్, లోయర్ హాఫ్’ అంటున్నారు. అక్కడ ఇవాళ డిస్ట్రాయర్ స్క్వాడ్రన్‌ను నడిపే అధికారిని కమొడోర్ అని పిలిస్తే అది మర్యాదే. అతని చేతి మీద ఉండేవి కెప్టెన్ నాలుగు పట్టీలే.

కాన్వాయ్ కమొడోర్‌ది వేరే లెక్క

రెండో ప్రపంచయుద్ధపు అట్లాంటిక్ రికార్డుల్లో ‘కాన్వాయ్ కమొడోర్’ అని తరచు తగులుతుంది. కాన్వాయ్ అంటే రక్షణ మధ్య గుంపుగా సాగే సరుకు ఓడలు. ఇతను యుద్ధనౌకలో ఉండడు. సరుకు ఓడలో ఉంటాడు, వెంట కొద్దిమంది సిగ్నల్ సిబ్బంది ఉంటారు. ఓడలు వరసల్లో సాగడం, వేగం, ఒక్కసారిగా మలుపు తిరగడం అతను చూసుకుంటాడు. జలాంతర్గాముల నుంచి కాపాడే బాధ్యత మాత్రం రక్షక దళాధిపతిది. విచిత్రమేమిటంటే ఆ దళాధిపతి తరచు కమాండర్ స్థాయివాడే. కమొడోరేమో ఒకప్పుడు అడ్మిరల్‌గా రిటైరై, దేశం కోసం తక్కువ హోదాతో రిజర్వులో చేరి మళ్లీ సముద్రం ఎక్కినవాడు కావచ్చు. ర్యాంకు పెద్దది కదా అని దాడి సమయంలో ఆజ్ఞలన్నీ అతని ఖాతాలో వేస్తే కథ తలకిందులవుతుంది. వయసు మళ్లాక ఆ ప్రమాదంలోకి స్వచ్ఛందంగా వెళ్లిన వాళ్ల పేర్లు సరిగ్గా రాయడం మన కనీస బాధ్యత.

ఫొటోలో గుర్తుపట్టడం

చేతి చివర చూడండి. బ్రిటిష్, భారత నౌకాదళాల్లో కమొడోర్‌కు ఒకే ఒక్క వెడల్పాటి బంగారు పట్టీ, దాని మీదే చుట్టు (ఉంగరంలా వంచిన పట్టీ మెలిక) ఉంటుంది. బ్రిటిష్ కొలత ప్రకారం ఈ పట్టీ ఒకటి ముప్పావు అంగుళం. మామూలు పట్టీ అంగుళంలో పదహారింట తొమ్మిది వంతులు. కెప్టెన్‌కు ఇలాంటివి నాలుగు. మసకబారిన నలుపు తెలుపు ఫొటోలో నాలుగు సన్న పట్టీలు కలిసిపోయి ఒకే వెడల్పు పట్టీలా కనిపించే ప్రమాదం ఉంది. అప్పుడు మొత్తం ఎత్తు అంచనా వేయండి. మధ్య ఖాళీలు వదిలేసినా నాలుగు పట్టీలు రెండుంపావు అంగుళాలు వస్తాయి, ఖాళీలతో కలిపితే ఇంకా ఎక్కువ. కమొడోర్ పట్టీ అంత ఎత్తు ఉండదు.

రియర్ అడ్మిరల్‌కు వెడల్పు పట్టీ మీద ఒక సన్న పట్టీ ఉంటుంది, వైస్ అడ్మిరల్‌కు రెండు, అడ్మిరల్‌కు మూడు. చుట్టు ఎప్పుడూ అన్నిటికంటే పై పట్టీ మీదే ఉంటుంది. చెయ్యి ఓడ రెయిలింగు వెనక ఉండి పై భాగమే కనిపిస్తుంటే రియర్ అడ్మిరల్ కూడా సబ్ లెఫ్టినెంట్‌లా కనిపిస్తాడు. చేతి చివర పూర్తిగా కనిపించని ఫొటో మీద ఆధారపడి ర్యాంకు చెప్పకండి.

వెడల్పు పట్టీ ఉండి చుట్టు లేకపోతే వైమానిక దళపు ఎయిర్ కమొడోర్ కావచ్చు. బ్రిటన్ వైమానిక దళం 1919 ఆగస్టులో తన సొంత ర్యాంకులు పెట్టుకున్నప్పుడు ఈ పేరును నౌకాదళం నుంచే తీసుకుంది. అమెరికా వన్ స్టార్ అధికారికి, అంటే రియర్ అడ్మిరల్ లోయర్ హాఫ్‌కు, రెండు అంగుళాల పట్టీ, దాని పైన నక్షత్రం ఉంటాయి, చుట్టు ఉండదు.

ఫొటోలో ఓడ ఉంటే దాని స్తంభం మీద జెండా కూడా చూడండి. అడ్మిరల్స్‌ది దీర్ఘచతురస్రం. కమొడోర్‌ది వెడల్పాటి పొట్టి జెండా, చివర రెండుగా చీలి ఉంటుంది. బ్రిటన్‌లో కమొడోర్‌ను ఫ్లాగ్ ఆఫీసర్ (అడ్మిరల్ స్థాయి అధికారి) అనకపోవడం ఈ తేడాకు తగ్గట్టే ఉంది. భారత నౌకాదళంలోనూ రియర్ అడ్మిరల్ అయినప్పుడే ఫ్లాగ్ ర్యాంకుకు చేరినట్టు. అమెరికాలో మాత్రం వన్ స్టార్ అధికారి కూడా ఫ్లాగ్ ఆఫీసరే.

2023 డిసెంబరులో భారత అడ్మిరల్స్ భుజపట్టీలు మారాయి. శివాజీ మహారాజు రాజముద్ర స్ఫూర్తితో అష్టభుజి ఆకారం వచ్చింది. రియర్ అడ్మిరల్, ఆపై స్థాయి ఫొటోల కాలం నిర్ణయించడానికి ఇది మంచి ఆనవాలు.

సమాన హోదాలు రాసేటప్పుడు

భారత సైన్యంలో బ్రిగేడియర్, వైమానిక దళంలో ఎయిర్ కమొడోర్ దీనికి సమానం. వేర్వేరు దేశాల ర్యాంకులను పోల్చడానికి నాటో కూటమి వాడే సంకేతాల్లో ఇది ఓఎఫ్-6. ఇక్కడ నక్షత్రాలు లెక్కపెట్టడం మోసం చేస్తుంది. ఫ్రెంచ్ కాంత్ర్ అమిరాల్‌కు రెండు నక్షత్రాలున్నా అతనిదీ ఓఎఫ్-6 స్థాయే. దాన్ని రియర్ అడ్మిరల్ అని అనువదిస్తే మాట కలుస్తుంది, మెట్టు తప్పుతుంది. జర్మనీలో ఈ మెట్టు మీద ఉండేది ఫ్లొటిలెన్ అడ్మిరల్. ఇక నేవీ కెప్టెన్ అంటే సైన్యంలో కల్నల్ స్థాయి. సైన్యంలోని కెప్టెన్‌తో పోల్చితే మూడు మెట్లు కిందికి తోసినట్టే.

భారత నౌకాదళంలో ఈ హోదా ఎక్కడ నిలుస్తుందో జీతాల పట్టిక స్పష్టంగా చెబుతుంది. 7వ వేతన సంఘం ప్రకారం కెప్టెన్‌ది 13వ స్థాయి, కమొడోర్‌ది 13ఏ, రియర్ అడ్మిరల్‌ది 14. అధికారులకు నెలకు 15,500 రూపాయలుగా నిర్ణయించిన మిలిటరీ సర్వీస్ పే (సైనిక సేవకు జీతంతో పాటు ఇచ్చే మొత్తం) కమొడోర్‌తో ఆగిపోతుంది. పని విషయానికొస్తే ప్రధాన కార్యాలయంలో ప్రిన్సిపల్ డైరెక్టర్లు, తీర ప్రాంతాల్లో నేవల్ ఆఫీసర్ ఇన్‌చార్జిలు, పెద్ద తీర స్థావరాల అధిపతులు ఈ ర్యాంకువాళ్లు. 2022 సెప్టెంబరు 2న నౌకాదళంలో చేరిన విమానవాహక నౌక విక్రాంత్‌కు తొలి కమాండింగ్ ఆఫీసర్ కూడా కమొడోరే. ఫ్లీట్‌కు అధిపతి రియర్ అడ్మిరల్, మొత్తం కమాండ్‌కు అధిపతి వైస్ అడ్మిరల్.

రాసేటప్పుడు

పొట్టి రూపాల దగ్గర కళ్లు పెద్దవి చేసుకోండి. కమాండర్‌ను సీడీఆర్ అని, కమొడోర్‌ను బ్రిటిష్ పద్ధతిలో సీడీఆర్ఈ అని రాస్తారు. స్కాన్ చేసిన ప్రతిలో చివరి అక్షరం చెరిగిపోతే కమొడోర్ రెండు మెట్లు దిగి కమాండర్ అయిపోతాడు. భారత పద్ధతిలో సీఎండీఈ అని రాస్తారు కాబట్టి ఆ చిక్కు తక్కువ. అనుమానం వస్తే ఆ అధికారి పేరు అదే ఏడాది మరో కాగితంలో ఎలా ఉందో సరిచూడాలి.

సంఘటన నాటి ర్యాంకే రాయాలి. 1971 డిసెంబరు 4 రాత్రి కరాచీ మీద క్షిపణి పడవల దాడిలో మిసైల్ స్క్వాడ్రన్‌ను నడిపించిన బబ్రూ భాన్ యాదవ్ ఆనాడు కమాండర్. తర్వాత కమొడోర్ అయ్యారు. ‘కమొడోర్ యాదవ్ దాడికి నాయకత్వం వహించారు’ అంటే తప్పు. ‘అప్పటి కమాండర్, తర్వాత కమొడోర్ అయిన బబ్రూ భాన్ యాదవ్’ అంటే సరిపోతుంది. రిటైరైన అధికారి పేరు రాసేటప్పుడు ర్యాంకు ముందు, పేరు తర్వాత, ‘రిటైర్డ్’ అన్నది చివర్లో పెట్టండి.