శిఖం అంచున నీటి పిట్టలను చూడడం ఎలా

చెరువుకు పోగానే అందరూ కట్ట ఎక్కుతారు. పిట్టల కోసమైతే అది సరైన చోటు కాదు. కట్ట దగ్గరే నీళ్లు ఎక్కువ లోతు. అక్కడ మునిగి చేపలు పట్టే నీటికాకులు, బుడబుంగలే ఎక్కువగా కనబడతాయి. కట్టకు ఎదురుగా, వాగు వచ్చి కలిసే శిఖం వైపు, అంటే నీళ్లు దిగితే తేలే చెరువు లోపలి నేల వైపు పోండి. అక్కడ నేల పళ్లెంలా మెల్లగా వాలుతుంది, జానెడు నీళ్లే చాలా దూరం పరుచుకుంటాయి. నల్లగొండ పక్కన పానగల్లు ఉదయసముద్రమైనా, కొల్లాపూర్ దగ్గర సోమశిల పాయలైనా లెక్క ఇదే. సోమశిల దగ్గర నిలిచేవి శ్రీశైలం జలాశయం వెనక నీళ్లే, ఆ జలాశయం నిండు మట్టం 885 అడుగులు. అక్కడి నుంచి నీళ్లు దిగేకొద్దీ సోమశిల వైపు ఒండ్రు తేలుతుంది. కొత్తగా తేలిన తడి పట్టీలోనే పురుగులుంటాయి, పిట్టలూ అక్కడికే వస్తాయి.

లోతును పిట్టల కాళ్లే చెబుతాయి. బురద మీద గబగబా ఉరికి ఠక్కున ఆగే పిడికెడంత పిట్టను చూడండి: మెడకు నల్ల పట్టీ, కంటి చుట్టూ పసుపు ఉంగరం. ఆగిన చోట ఒక కాలిని వణికిస్తుంది, పురుగు కదలగానే పొడుస్తుంది. అది తిరిగేది నీళ్లు లేని తడి మట్టి మీద. సన్నటి ఎర్ర కాళ్ల నలుపు తెలుపు ఉల్లంకులు నిలబడితే జానెడు లోతు. తెడ్డుమూతి కొంగలు ముక్కు కొంచెం తెరిచి, కొడవలి విసిరినట్టు అటూ ఇటూ ఊపుతూ నడుస్తుంటే మూరెడు లోపు. అవి వెతికేది తాకిడితో, అందుకే మురికి నీళ్లయినా వాటికి అడ్డం కాదు.

వలస పిట్టలకు నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా మంచి కాలం. సూర్యుడు మీ వీపు వైపు ఉండాలి: తూర్పు గట్టు మీద పొద్దున, పడమటి గట్టు మీద సాయంత్రం. ఎదురెండలో అన్నీ నల్ల బొమ్మలే. 8×42 దుర్బిణి (ఎనిమిది రెట్లు పెద్దగా చూపేది, ముందు అద్దం 42 మి.మీ.) చాలు. నేరుగా నడవకండి, ఏటవాలుగా పోయి నూరడుగుల దూరంలోనే కూర్చోండి. తలలెత్తి మేత ఆపాయంటే అక్కడే ఆగండి. తీతువు ఒక్కటి అరిచిందంటే గుంపంతా లేస్తుంది.

పైన ఎండి పగుళ్లిచ్చిన మట్టిని నమ్మొద్దు, కింద మెత్తటి బురద ఉంటుంది. కర్ర గుచ్చి చూసి అడుగేయండి. ఇంతకంటే ప్రమాదం, మట్టి తవ్విన గుంతలు. వాటి అంచు గోడలా నిలువుగా దిగుతుంది, నీళ్లు నిండాక పైకి తెలియదు. నడిచే కొంగలు ఒక గీత దగ్గర ఆగిపోయి, ఆవల బాతులు మాత్రమే ఈదుతుంటే అది గుంత అంచు కావచ్చు. ఆ గీత దాటొద్దు. పూడిక తీసేవాళ్లు అంచును వాలుగా వదిలితే పిల్లలకూ పశువులకూ మేలు, పిట్టలకూ మేత మిగులుతుంది.

మార్చి నుంచి మే దాకా కృష్ణలో తేలే ఇసుక దిబ్బల మీద దిగకండి. పసుపు ముక్కు, నల్ల నెత్తి ఉన్న నది పిట్టలు వట్టి ఇసుకలోనే గుడ్లు పెడతాయి. అవి ఇసుక రంగులోనే ఉంటాయి, కాలి కింద పడేదాకా కనబడవు. తల్లి లేచిపోతే నీడ పోయి ఎండకు ఉడికిపోతాయి. పుట్టిలో పోయినా దిబ్బకు దూరంగానే ఆపించండి.