పాత పెళ్లి క్యాసెట్‌ని సినిమాగా మలచాలంటే

ఎర్రగడ్డ ఆదివారం సంతలో దొరికినా, ఇంట్లో అటక మీద దొరికినా, వీహెచ్‌ఎస్ క్యాసెట్‌ని తెచ్చిన వెంటనే వీసీఆర్‌లో పెట్టకండి. క్యాసెట్ మీదున్న చిన్న కిటికీలోంచి టేపు చుట్ట అంచు చూడండి. తెల్లటి పొడిమచ్చలుంటే బూజు. మన వానాకాలపు తేమకి ఇది మామూలే. అలాగే ఆడిస్తే వీసీఆర్‌లో టేపుని చదివే హెడ్‌కి అంటుకుని, తర్వాత పెట్టిన ప్రతి క్యాసెట్‌కీ పాకుతుంది. అలాంటివాటిని సిలికా జెల్‌తో గాలి చొరని డబ్బాలో వారంపాటు ఉంచి, వేరే వీసీఆర్‌లోనే ఆడించండి. హెడ్‌ని 99 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో తడిపిన మెత్తటి తోలుముక్కతో, అడ్డంగా మాత్రమే తుడవాలి. దూది వద్దు, పోగులు చిక్కి హెడ్ విరుగుతుంది.

టేపుని ఒకసారి చివరిదాకా తిప్పి, వెనక్కి చుట్టాకే క్యాప్చర్ (కంప్యూటర్‌లోకి ఎక్కించడం) మొదలుపెట్టండి. 720×576, సెకనుకి 25 ఫ్రేములు, ధ్వని 48 కిలోహెర్ట్జ్. కంప్రెస్ చేయకపోతే గంటకి సుమారు 75 జీబీ, డీవీ అనే కంప్రెస్ చేసిన ఫార్మాట్‌లో 13 జీబీ. వీసీఆర్‌ని కంప్యూటర్‌కి కలిపే చౌక యూఎస్‌బీ డాంగిళ్లు ఫ్రేములు జారవిడుస్తాయి. మొదట్లో సరిగ్గా ఉన్న మాట గంటయ్యేసరికి పెదవులకి కుదరదు. కాబట్టి చివరి ఐదు నిమిషాలు చూడకుండా టేపు తిరిగివ్వకండి.

వీహెచ్‌ఎస్‌లో ఒక్కో ఫ్రేము, బేసి గీతలదీ సరి గీతలదీ రెండు ఫీల్డులుగా అల్లుకుని ఉంటుంది. ఆ అల్లిక విప్పడమే డీఇంటర్‌లేస్. దాన్ని సెకనుకి 50 ఫ్రేములకి చేయండి. 25కి చేస్తే కదలికలో సగం పోతుంది. చేతులు ముందుకీ వెనక్కీ వణుకుతుంటే ఫీల్డ్ వరస తారుమారైనట్టు. పాల్ (మన దేశపు టీవీ పద్ధతి) డీవీలో కింది ఫీల్డ్ ముందొస్తుంది. ఎడిటింగ్‌లో 1920×1080 టైమ్‌లైన్‌లో బొమ్మ 1440×1080గానే ఉండాలి, సాగదీయకండి. ఏఐతో మొహాలకి పదును పెట్టించొద్దు. అది ఊహించి గీసిన మొహం, ఆ మనిషిది కాదు.

అసలు పని ఇక్కడే మొదలవుతుంది. ప్రతి షాట్‌కీ ఒక వరస రాయండి: టైమ్‌కోడ్, ఏం జరుగుతోంది, ఎవరు ఎటు చూస్తున్నారు. జీలకర్ర బెల్లం, తలంబ్రాలు ప్రతి క్యాసెట్‌లోనూ ఉంటాయి. భోజనాల బంతిలో లైటు పడగానే తలొంచుకున్న పెద్దావిడ, పప్పు వడ్డిస్తూ ఆగిపోయిన గరిటె, పందిరి వెనక నిద్రపోతున్న పిల్లాడు: కెమెరామన్ అనుకోకుండా పట్టినవి ఇవి. ఒకే రకం చూపుని పది క్యాసెట్ల నుంచి ఏరి వరసగా పేర్చండి. అప్పటిదాకా ఏ పెళ్లిలోనూ కనబడని విషయం బయటపడుతుంది. మిక్సింగ్‌లో (అప్పట్లో స్టూడియోలో చేసిన ఎడిటింగ్) వేసిన హృదయాకారపు ఫ్రేముల్ని కోసేయకండి, అవి ఆ కాలపు చేతిరాత.

మిక్సింగ్‌లో అసలు ధ్వనిని చెరిపి సినిమా పాట వేసుంటారు. పాట తీస్తే కింద ఏమీ మిగలదు, వాడుకుంటే హక్కులు కొనాలి. మిక్సింగ్ చేయని రష్ క్యాసెట్ (కెమెరాలో తీసింది తీసినట్టున్నది) ఉందేమో ఆ కుటుంబాన్నే అడగండి.

క్యాసెట్ కొన్నంత మాత్రాన హక్కు రాదు. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం, వేరే ఒప్పందం లేకపోతే, డబ్బిచ్చి తీయించుకున్నవారే తొలి యజమానులు. టైటిల్ కార్డులో పేర్లు, ఫంక్షన్ హాలు, తేదీ ఉంటాయి. వాటి ఆధారంగా వెతికి, రాతపూర్వక అనుమతి తీసుకోండి. మీరు పాత సినిమా ముక్క వాడుకుంటే దానికి విడుదలైన మరుసటి ఏడాది జనవరి నుంచి 60 ఏళ్లు లెక్క: 1960 నాటి సినిమాకి 2020 డిసెంబర్ 31తో తీరింది. అందులోని పాటలకి గడువు వేరు.