పార్లమెంటు సందర్శకుల గ్యాలరీ పాసు: దరఖాస్తు విధానం, పేరు దగ్గర జరిగే పొరపాటు

పాత యాభై రూపాయల నోటు వెనుక అచ్చయిన గుండ్రని భవనాన్ని చిన్నప్పటి నుంచి చూస్తూ వచ్చిన మనలో చాలామందికి, ఢిల్లీ వెళ్ళినప్పుడు ఒక గంటసేపైనా పార్లమెంటులో కూర్చుని సభ జరిగే తీరును కళ్ళారా చూడాలని ఉంటుంది. ఆ కోరిక తీర్చుకోవడానికి ఒక్క రూపాయి రుసుము కూడా లేదు. అయినా సమావేశాలు మొదలైన ప్రతిసారీ మనవాళ్ళలో కొందరు రిసెప్షన్ దాకా వచ్చి వెనుదిరగడాన్ని, ఇంకొందరు బస చేసిన చోట పరిచయమైన మనిషి చేతిలో డబ్బు పెట్టి మోసపోవడాన్ని ఢిల్లీలో ఉంటున్న నేను చూస్తూనే ఉన్నాను. దరఖాస్తు చిన్నదే. తడబాటు మాత్రం ఎక్కువగా ఒకే చోట జరుగుతోంది కాబట్టి ఆ చోటు గురించే ఇక్కడ ఎక్కువగా రాస్తున్నాను.

పాసుతో ఏ భవనంలోకి వెళతామన్నది ముందుగా తెలుసుకోవాలి. నోటు మీది గుండ్రని భవనానికి 1921 ఫిబ్రవరి 12న శంకుస్థాపన జరిగింది, 1927 జనవరి 18న ప్రారంభోత్సవం జరిగింది. ఎడ్విన్ లుట్యెన్స్, హెర్బర్ట్ బేకర్ రూపకల్పన చేసిన ఆ కట్టడానికి అప్పట్లో 83 లక్షల రూపాయలు ఖర్చయ్యాయి. చుట్టూ 144 స్తంభాలతో వరండా, నడుమ సెంట్రల్ హాలు ఉన్న ఆ భవనంలోనే 1946 డిసెంబరు 9 నుంచి రాజ్యాంగ సభ సమావేశమైంది, 1947 ఆగస్టు 14 అర్ధరాత్రి అధికార మార్పిడి జరిగింది. మాడభూషి అనంతశయనం అయ్యంగార్, నీలం సంజీవరెడ్డి, జి.ఎం.సి. బాలయోగి స్పీకర్లుగా కూర్చున్నది ఆ భవనంలోని లోక్‌సభలోనే. అయితే 2023 సెప్టెంబరు 19 నుంచి ఉభయ సభలూ పక్కనే ఉన్న త్రికోణాకారపు కొత్త భవనంలో జరుగుతున్నాయి. పాత భవనం పేరు ఇప్పుడు సంవిధాన్ సదన్. అందువల్ల గ్యాలరీ పాసు తీసుకున్నవారు వెళ్ళేది కొత్త భవనంలోకే. సెంట్రల్ హాలు కూడా చూపిస్తారనుకుని వచ్చి నిరాశ పడిన పెద్దలు కొందరు నాకు తెలుసు. పాసు దాని మీద రాసి ఉన్న సభకు, ఆ తేదీకి, ఆ గంటకు మాత్రమే చెల్లుతుంది.

ఇక దరఖాస్తు. మామూలు సందర్శకుడు పార్లమెంటు సచివాలయానికి స్వయంగా దరఖాస్తు పెట్టుకుని పాసు తెచ్చుకునే పద్ధతి లేదు. ఒక పార్లమెంటు సభ్యుడు మన తరఫున దరఖాస్తు చేయాలి. ఆంధ్రప్రదేశ్‌కు లోక్‌సభలో 25 మంది, రాజ్యసభలో 11 మంది, తెలంగాణకు లోక్‌సభలో 17 మంది, రాజ్యసభలో 7 మంది సభ్యులు ఉన్నారు కాబట్టి అడగడానికి మనిషి లేడని ఎవరూ అనుకోనక్కరలేదు. మీ నియోజకవర్గపు ఎంపీ స్థానిక కార్యాలయంలోనో, ఢిల్లీ నివాసంలోని కార్యాలయంలోనో వివరాలు ఇస్తే అక్కడి సిబ్బంది నిర్ణీత నమూనాలో నింపి, సభ్యుడి ఆమోదంతో పంపుతారు. ప్రయాణానికి రెండు మూడు వారాల ముందే ఊళ్ళోనే ఆ పని మొదలుపెట్టడం మేలు. సభ చూడదలచిన రోజుకు ముందున్న పనిదినానికల్లా దరఖాస్తు పాసుల విభాగానికి చేరాలి, అంటే సోమవారం సభ చూడాలంటే శుక్రవారమే చేరాలన్నమాట. శనివారం రైలు దిగి ఆదివారం ఫోను చేసేవారికి సోమవారం పాసు దొరకకపోవడానికి కారణం ఇదే. అందులో ఎవరి నిర్లక్ష్యమూ లేదు.

ఆ దరఖాస్తులో సభ్యుడు ఒక ధ్రువీకరణ మీద సంతకం చేస్తాడు. ఫలానా సందర్శకుడు తనకు వ్యక్తిగతంగా తెలిసినవాడని, అతని పూర్తి బాధ్యత తనదేనని ఆ ధ్రువీకరణ సారాంశం. కనుక పాసును టికెట్టుగా భావించకూడదు. అది ఒక ప్రజాప్రతినిధి మన కోసం పడుతున్న పూచీ. ఇది ఊరికే పెట్టిన నిబంధన కాదు. 1929 ఏప్రిల్ 8న భగత్‌సింగ్, బటుకేశ్వర్ దత్ కేంద్ర శాసనసభలో బాంబులు విసిరింది సందర్శకుల గ్యాలరీ నుంచే. ఆ ఏడాదే సభాధ్యక్షుడు విఠల్‌భాయ్ పటేల్ చొరవతో సభకు సొంత భద్రతా సిబ్బంది ఏర్పడింది. 2001 డిసెంబరు 13న దొంగ స్టిక్కరు అంటించిన కారులో వచ్చిన ఉగ్రవాదులను అడ్డుకుంటూ భద్రతా సిబ్బంది, వారితో పాటు ఒక తోటమాలి, మొత్తం తొమ్మిది మంది ప్రాణాలు కోల్పోయారు. సరిగ్గా 22 ఏళ్ళ తర్వాత అదే తేదీన, పాసు మీద గ్యాలరీలోకి వచ్చిన ఇద్దరు యువకులు లోక్‌సభలోకి దూకి బూట్లలో దాచి తెచ్చిన గొట్టాల నుంచి పసుపు పొగ వదిలారు. ఆ వెంటనే సందర్శకుల పాసులను నిలిపివేశారు. తిరిగి ఇవ్వడం మొదలైనప్పటి నుంచి పరిశీలన బాగా పెరిగింది. 2024 మే నుంచి భద్రతా తనిఖీల బాధ్యత కేంద్ర పారిశ్రామిక భద్రతా దళం చేతికి వచ్చింది. మీ ఎంపీ కార్యాలయంలో నాలుగు ప్రశ్నలు ఎక్కువ వేసినా, ఊళ్ళో మిమ్మల్ని ఎరిగిన వారెవరని అడిగినా నొచ్చుకోవద్దు. సంతకం పెట్టే మనిషి రేపు జవాబు చెప్పుకోవలసి ఉంటుంది.

అసలు తడబాటు పేరు రాసే గడిలో ఉంది. సందర్శకుడి పేరును, తండ్రి లేదా భర్త పేరును పూర్తిగా రాయాలి, పొడి అక్షరాలతో సరిపెట్టకూడదు. వినడానికి చిన్న మాట. కానీ ఇంటిపేరును ముందు పెట్టి, దాన్ని ఒక అక్షరానికి కుదించి, దాని వెనుక ఇలవేల్పు పేరునో తాతగారి పేరునో ఇంకో అక్షరంగా చేర్చి, చివర్లో ‘రావు’ అనో ‘రెడ్డి’ అనో రాసుకోవడం మనకు తరతరాల అలవాటు. ‘ఎన్.వి.ఎస్. రావు’ అంటే ఊళ్ళో అందరికీ తెలిసిన మాస్టారు కావచ్చు. రిసెప్షన్ గవాక్షం దగ్గర కూర్చున్న ఉద్యోగికి మాత్రం ఆ నాలుగు ముక్కల్లో మనిషి కనిపించడు. మాస్టారి చేతిలోని గుర్తింపు కార్డు మీద నాలుగు పదాల పేరు ఉంటుంది, దరఖాస్తులో మూడు అక్షరాలూ ఒక పదమూ ఉంటాయి. రెండూ ఒకరివేనని నిర్ధారించే అధికారం ఆ ఉద్యోగికి లేదు.

గత శీతాకాల సమావేశాల్లో ఒక రోజు, గోదావరి జిల్లా నుంచి భార్యతో కలిసి వచ్చిన విశ్రాంత ఉపాధ్యాయుడొకరు నాకు అక్కడే తారసపడ్డారు. ఇస్త్రీ చేసిన తెల్ల పంచె, దాని మీద మనవడిదిలా ఉన్న మందపాటి చలికోటు, చేతిలో ప్లాస్టిక్ కవరులో మడత పడకుండా పెట్టుకున్న ఆధార్ కార్డు. దరఖాస్తు వివరాలను ఎవరో బంధువు ఫోనులో సందేశంగా పంపాడట. మాస్టారి పేరు పొడి అక్షరాలతోనూ, ఆమె పేరు పుట్టింటి ఇంటిపేరుతోనూ వెళ్ళాయి. ఆమె కార్డు మీద ఉన్నది అత్తింటి ఇంటిపేరు. ఇద్దరినీ లోపలికి పంపలేదు. “నలభై ఏళ్ళు ఇదే సంతకం పెట్టాను బాబూ, ఇది నా పేరు కాదంటే ఎట్లా?” అని ఆయన అడిగారు. “మీరు కాదని వాళ్ళు అనడం లేదు మాస్టారూ, కాగితాలు రెండూ కలవడం లేదంటున్నారు, అంతే” అని చెప్పి ఆయనను, అమ్మగారిని పక్కన కూర్చోబెట్టాను. ఆ సాయంత్రమే ఎంపీ కార్యాలయం ద్వారా వివరాలు సరిచేయించి మళ్ళీ పంపించాం. ఒక రోజు ఆగి మూడో రోజు ఇద్దరూ సభ చూశారు. వారి రైలు ఆ రాత్రికే కాబట్టి సరిపోయింది. తిరుగు ప్రయాణం అంతకు ముందే అయి ఉంటే అంత దూరం వచ్చి చూడకుండానే వెళ్ళిపోయేవారు.

కాబట్టి మీ పేరు మీకెలా అలవాటో అలా రాయకండి. మీరు వెంట తీసుకెళ్ళబోయే గుర్తింపు కార్డును ఎదురుగా పెట్టుకుని, అందులో ఆంగ్లంలో ఉన్న పేరును అక్షరం అక్షరం చూసి అలాగే రాయండి. ఇంటిపేరు ముందుంటే ముందు, చివరనుంటే చివర. లక్ష్మి అనే పేరును ఒక కార్డులో కె, ఎస్ అక్షరాలతో, ఇంకో కార్డులో ఎక్స్ అక్షరంతో రాయడం మన ఇళ్ళలో మామూలే గనుక దరఖాస్తుకు ఏ కార్డు చూశారో గవాక్షం దగ్గర ఆ కార్డే చూపండి, పెళ్ళి తర్వాత ఇంటిపేరు మారిన స్త్రీలు ఈ విషయంలో మరింత జాగ్రత్తగా ఉండాలి. కార్డు మీదే పొడి అక్షరాలు ఉన్నవారు, అంటే మనలో పెద్దవయసు వారు చాలామంది, భయపడనక్కరలేదు. పాస్‌పోర్టు వంటి పూర్తి పేరున్న మరో గుర్తింపు పత్రం ఉంటే దానితో దరఖాస్తు చేయండి. లేకపోతే ఎంపీ కార్యాలయంలో ముందే ఆ సంగతి చెప్పి, వారు సూచించిన విధంగా రాయించుకోండి. దాచిపెట్టి అక్కడి దాకా వెళ్ళడమే ఇబ్బంది. నకలు కాకుండా అసలు కార్డునే వెంట ఉంచుకోవాలి. వయసు, వృత్తి, స్వస్థలపు చిరునామా, ఢిల్లీలో బస చేసిన చిరునామా కూడా అడుగుతారు. ఢిల్లీ చిరునామా గడిలో ‘హోటల్’ అని మాత్రమే రాసి వదిలేయకూడదు.

విదేశాల్లో స్థిరపడి అక్కడి పౌరసత్వం తీసుకున్న తెలుగువారికి ఒక మాట. భారత మూలాలున్న విదేశీ పౌరులకు ఇచ్చే ఓసీఐ కార్డు ఉన్నా చట్టరీత్యా మీరు విదేశీ పౌరులే. మీ దరఖాస్తులో పాస్‌పోర్టు వివరాలు తప్పనిసరి. కుటుంబంలో తల్లిదండ్రులు భారత పౌరులు, పిల్లలు కాకపోతే అందరి వివరాలనూ ఒకే తీరున నింపి పంపకుండా ఆ తేడాను ముందే చెప్పండి. పదేళ్ళలోపు పిల్లలకు గ్యాలరీలోకి ప్రవేశం లేదు. ఈ నిబంధన తెలియక పిల్లవాడిని తీసుకొచ్చి, తల్లో తండ్రో బయట ఉండిపోయి, మిగిలినవారు మాత్రమే లోపలికి వెళ్ళిన కుటుంబాలను చూశాను.

దళారుల గురించి. సమావేశాల రోజుల్లో యాత్రికులు దిగే చోట్ల తిరుగుతూ, ఫలానా ఎంపీ పీఏ తనకు బాగా తెలుసునని, మనిషికి ఇంత ఇస్తే రేపటికి పాసు తెప్పిస్తానని చెప్పేవారు ఉంటారు. వారు చూపే కాగితం నిజమైనదే అయినా అది ఇంకొకరి పేరు మీద ఉంటుంది. ఒకరి పాసు మీద మరొకరు వెళ్ళడానికి వీలు లేదు. అలా వెళ్ళబోయి పట్టుబడితే డబ్బు పోవడంతో ఆగదు, భద్రతా సిబ్బంది వేసే ప్రశ్నలకు జవాబు చెప్పవలసింది మీరే. ఆ దళారి అప్పటికి అక్కడ ఉండడు. ఆధార్ నకలును, ఫొటోను అపరిచితుడి ఫోనుకు పంపడం దానికంటే ప్రమాదం. ఎంపీ కార్యాలయానికి తప్ప ఆ వివరాలు ఎవరికీ ఇవ్వవద్దు. డబ్బు అడిగిన క్షణంలోనే ఆ మనిషికి ఈ పనితో సంబంధం లేదని నిశ్చయంగా అనుకోవచ్చు.

పాసు చేతికి వచ్చాక మిగిలినది సులువే. ఫోను, కెమెరా, సంచి, పుస్తకాలు, కాగితాలు ఏవీ లోపలికి తీసుకెళ్ళనివ్వరు కాబట్టి వీలైతే వాటిని బసలోనే వదిలి రండి. మధుమేహం వంటి ఇబ్బందులు ఉన్నవారు రాక ముందే మందులు వేసుకోవాలి. తనిఖీలు ఒకటికి మించి ఉంటాయి. పాసు మీది సమయానికి చాలా ముందుగా చేరుకోవాలి. గ్యాలరీలో మాట్లాడకూడదు, చప్పట్లు కొట్టకూడదు, ఏమీ రాసుకోకూడదు. సమయం సాధారణంగా ఒక గంటే. ఆ గంటలో 888 స్థానాల లోక్‌సభను, జాతీయ పక్షి నెమలి ఇతివృత్తంతో తీర్చిన దాని అలంకరణను, స్పీకరు స్థానం పక్కన 2023 మే 28న ప్రతిష్ఠించిన సెంగోల్ అనే రాజదండాన్ని చూడవచ్చు. రాజ్యసభ పాసు తీసుకుంటే కమలం ఇతివృత్తంతో ఉన్న 384 స్థానాల సభ కనిపిస్తుంది. ఏ గంట అడగాలన్న ఎంపిక మీకు దొరికితే లోక్‌సభలో ఉదయం 11 గంటల ప్రశ్నోత్తరాల సమయాన్ని అడగమంటాను. మంత్రులు నిలబడి జవాబు చెప్పే ఆ గంటలో సభ ఎలా పనిచేస్తుందో మామూలు మనిషికి కూడా అర్థమవుతుంది. రాజ్యసభలో ప్రశ్నోత్తరాలు మధ్యాహ్నం 12 గంటలకు.

సభ వాయిదా పడితే ఆ పాసు మరుసటి రోజుకు పనికిరాదు. మళ్ళీ దరఖాస్తు చేయించుకోవలసిందే. అందుకే ఢిల్లీలో కనీసం రెండు పనిదినాలు చేతిలో ఉండేలా, మొదటి రోజుకే పాసు అడిగేలా ప్రయాణం వేసుకోమని నన్ను అడిగిన ప్రతివారికీ చెబుతున్నాను. రైలు టికెట్లు తీసుకునే ముందు ఆ వారంలో సభలకు సెలవులు ఉన్నాయేమో ఎంపీ కార్యాలయంలో ఒకసారి అడగండి. బడ్జెట్ సమావేశాల నడుమ కొన్ని వారాల పాటు విరామం ఉంటుంది, ఆ రోజుల్లో వచ్చినవారికి చూడటానికి సభ ఉండదు.