చెలకలో నీటి కుంట: ముందు మంజూరు, ఆ తర్వాతే గడ్డపార

హైదరాబాద్ చుట్టూ చేవెళ్ల, వికారాబాద్, ఇబ్రహీంపట్నం వైపు ఎర్ర చెలకల్లో నాలుగు గట్టి వానలు పడితే పైమట్టి వాగు పాలవుతుంది. ఎకరం మీద అంగుళం మందాన నీరు పారిపోయిందంటే లక్ష లీటర్లు పోయినట్టే. దాన్ని పొలంలోనే ఆపడానికి ఉపాధి హామీ కింద కుంటలు, గట్లు, కందకాలు చేయించుకోవచ్చు. కానీ మంజూరు కాకముందే జేసీబీ పెడితే పైసా రాదు. ఇది కూలీలు చేతులతో చేయాల్సిన పని. పని మొదలుకాకముందు తీసిన ఫోటో, మస్టరు (కూలీల హాజరు పట్టీ) లేని గుంతకు బిల్లు కాదు.

ఎస్సీ, ఎస్టీ కుటుంబాలతో పాటు ఐదెకరాల లోపు సన్న, చిన్నకారు రైతులు అర్హులు. ఇంటికి జాబ్ కార్డు ఉండాలి, ఇంట్లోవాళ్లు ఆ పనిలో దిగాలి. నగరంలో ఉంటూ ఊళ్లో భూమి ఉన్నవాళ్లు చాలామంది ఇక్కడే ఆగిపోతారు. అలాంటివాళ్లు ఉద్యాన శాఖ ద్వారా డ్రిప్‌కు దరఖాస్తు చేసుకోవాలి. రాష్ట్రంలో రాయితీ ఎస్సీ, ఎస్టీలకు 100 శాతం, బీసీలకు, సన్న, చిన్నకారు రైతులకు 90, మిగతావాళ్లకు 80. బోరు నీళ్లు ముందే పరీక్ష చేయించండి, సున్నం ఎక్కువుంటే డ్రిప్పర్లు పూడుకుపోతాయి.

కుంట కోసం జాబ్ కార్డు, పాసుపుస్తకం, ఆధార్, బ్యాంకు పుస్తకం జిరాక్సులు జతచేసి పంచాయతీలో దరఖాస్తు ఇవ్వండి. గ్రామసభ తీర్మానంలో మీ పేరు, సర్వే నంబరు ఎక్కాయో లేదో కళ్లారా చూసుకోండి. ఆ తర్వాత టెక్నికల్ అసిస్టెంట్ వచ్చి కొలతలు తీసి అంచనా వేస్తారు. మంజూరై పనికి నంబరు పడ్డాకే ముగ్గు పోయించండి.

స్థలం దగ్గర తొందర వద్దు. వాన పడుతుండగా పొలంలో నిలబడి నీళ్లు ఏ మూలకు చేరుతున్నాయో చూడండి. కుంట ఆ మూలనే రావాలి, వాగు దారిలో మాత్రం వద్దు. పైన 10×10 మీటర్లు, లోతు రెండున్నర, వాలు ఒకటికి ఒకటి (మీటరు లోతుకు మీటరు లోపలికి) పెడితే అడుగున 5×5 మిగులుతుంది, దాదాపు 1.45 లక్షల లీటర్లు పడతాయి. తవ్విన మట్టిని అంచుకు మీటరు దూరంలో పోయాలి, లేకపోతే మొదటి వానకే తిరిగి లోపలికి జారుతుంది. నీరు దిగేచోట రాళ్లు పేర్చండి. దానికి ముందు రెండు మీటర్ల పొడవు, మీటరు వెడల్పు, మీటరు లోతున పూడిక గుంత తీయండి. అది లేని కుంట త్వరగా పూడిపోతుంది. అలుగు, అంటే కుంట నిండాక నీరు బయటికి పోయే దారి, గట్టు కంటే కనీసం అడుగు కిందుండాలి.

ఏప్రిల్‌లో మొరం గట్టిపడితే పని సాగదు. కూలి కొలతను బట్టి పడుతుంది కాబట్టి కూలీలు సగంలో వదిలేసి పోతారు. నేలలో పదునుండగానే మొదలుపెట్టించండి.

ఎర్రనేలలో నీళ్లు కొద్దిరోజుల్లోనే ఇంకిపోతాయి. అందుకు దిగులు పడొద్దు, అవి భూగర్భానికే చేరుతున్నాయి. నిల్వే కావాలంటే 500 మైక్రాన్ల షీటు పరవాలి, అప్పుడిక ఇంకడం ఉండదు. వాటర్‌షెడ్ పనులు, అంటే వాననీటిని పడ్డచోటే ఆపే పనులు, కళ్లారా చూడాలంటే శంకర్‌పల్లి మండలం కొత్తపల్లికి వెళ్లండి, అక్కడ పంటల పరిశోధన సంస్థ ఇక్రిశాట్ 1999లో వాటిని మొదలుపెట్టింది.

కుంట చుట్టూ కంచె, ఒక మూల మెట్లు తప్పనిసరి. తడిసిన వాలు మీద, ముఖ్యంగా షీటు మీద, కాలు నిలవదు. లోపల పడ్డ పిల్లలు పైకి ఎక్కలేరు.