పుస్తకానికి ప్రభుత్వ సాయం కావాలా? ముందు ఫైలు కట్టండి

మా డీటీపీ సెంటరు గుంటూరు అరండల్‌పేటలో ఉంది. పెళ్లికార్డులు, కరపత్రాలతో పాటు కవితా సంపుటాలు, కథల పుస్తకాలు, అనువాదాలు కంపోజ్ చేస్తాం. ప్రింటింగు విజయవాడలో చేయిస్తాం. రాతప్రతి సంచీలో పెట్టుకుని వచ్చే పెద్దవాళ్లు కూర్చోగానే అడిగే మాట ఒకటే: "అమ్మా, పుస్తకాలకి గవర్నమెంటు డబ్బులిస్తుందట కదా, ఎక్కడ అప్లై చెయ్యాలి?"

ఇస్తుందండీ. అయితే అన్ని పథకాలూ ఒకేలా ఉండవు. కొన్నిటి డబ్బు రచయిత ఖాతాలో పడుతుంది, కొన్నిటిది ప్రచురణకర్తకే ఇస్తారు, మరికొన్నిటిలో మీ పుస్తకాలు కొని లైబ్రరీలకి పంపుతారు. మీ పుస్తకం అచ్చయిందా లేదా, మీ వయసెంత, అది సొంత రచనా అనువాదమా అన్న మూడు సంగతులు తేల్చుకుంటే మీరు ఎక్కడికి వెళ్లాలో సగం తెలిసిపోతుంది. మిగతా సగం ఫైలు. ప్రకటన వచ్చాక గడువు కొద్ది వారాలే ఉంటుంది. అప్పుడు కాగితాల కోసం పరిగెత్తేవాళ్లే ఎక్కువ. అందుకే ఫైలు సంగతే ముందు చెబుతాను.

అన్నిటికన్నా ఎక్కువ ఇబ్బంది పెట్టేది పేరు. ఆమధ్య ఒక మాస్టారు కవితల పుస్తకం తెచ్చారు. అట్ట మీద కలం పేరు, ఆధార్‌లో ఇంటిపేరుతో కలిపి అసలు పేరు, బ్యాంకు పాసుబుక్కులో ఇంగ్లిషు పొడి అక్షరాలు. "అందరికీ తెలిసిన పేరు అదేగా అమ్మా" అన్నారు. "మాస్టారూ, మీ పాఠకులకి తెలుసు, బ్యాంకుకి తెలీదు" అన్నాను. కలం పేరు మీద చెక్కు గానీ ఖాతాకి జమ గానీ రాదు. కాబట్టి అట్ట మీద ఏ పేరైనా వేసుకోండి, లోపల ఇంప్రింటు పేజీలో మాత్రం కాపీరైటు గుర్తు పక్కన అసలు పేరు, కలం పేరు రెండూ కలిపి వేయించండి. ఆధార్, పాసుబుక్కు, పాన్ మూడిట్లోనూ పేరు ఒకేలా ఉండేట్టు ఇప్పుడే సరిచేయించుకోండి. ఆడవాళ్లయితే పెళ్లికి ముందు పేరుతో పుస్తకం, తర్వాతి పేరుతో ఆధార్ ఉండటం మామూలే, అది ఇంకా జాగ్రత్తగా చూసుకోవాలి.

ఆ ఇంప్రింటు పేజీ దగ్గరే ఇంకొంచెం ఆగుదాం. లోపలి టైటిల్ వెనకాల చిన్న అక్షరాలతో ఉండే పేజీ అది. చాలామంది దాన్ని ప్రెస్సువాళ్లకే వదిలేస్తారు. పరిశీలించేవాళ్లు మొదట తిప్పేది ఆ పేజీనే. "మొదటి ముద్రణ" అని నెల, సంవత్సరం స్పష్టంగా ఉండాలి. అవార్డులకీ కొనుగోళ్లకీ ఏ ఏడు అచ్చయిన పుస్తకాలు తీసుకుంటారో ప్రకటనలో ఉంటుంది. తేదీ లేని పుస్తకం ఎంత గొప్పదైనా పక్కన పెట్టేస్తారు. ప్రచురణకర్త చిరునామా, వెల, పేజీలు, ప్రెస్సు పేరు, ఐఎస్‌బీఎన్ (పుస్తకాన్ని గుర్తించే అంతర్జాతీయ నంబరు) ఉండాలి. అనువాదమైతే మూలం పేరు, మూల భాష, మూల రచయిత పేరు, అనుమతి ఎవరిచ్చారో ఒక వాక్యం కూడా ఉండాలి.

ఐఎస్‌బీఎన్ ఉచితం. రాజా రామ్మోహన్ రాయ్ నేషనల్ ఏజెన్సీ అని కేంద్ర విద్యాశాఖ కింద ఉంటుంది, వాళ్ల పోర్టల్లో రచయితే సొంతంగా అప్లై చేసుకోవచ్చు. మన దేశపు నంబర్లు 978-81, 978-93 తో మొదలవుతాయి. దీనికి వేలల్లో వసూలు చేసే మధ్యవర్తులున్నారు. మా దగ్గరికొచ్చిన ఒక అమ్మాయి అలాగే డబ్బు కట్టింది. తీరా చూస్తే ఆ నంబరు వేరే ప్రచురణ సంస్థ పేరు మీద ఉంది. అంటే కాగితాల మీద ఆ పుస్తకానికి ప్రచురణకర్త ఆమె కాదు. సొంత పుస్తకాన్ని కొనుగోలుకి పంపడానికి వాళ్ల సంతకం కోసం తిరగాల్సి వచ్చింది. ఎంత అన్యాయమో చూడండి. పోర్టల్లో ఎక్కడైనా ఆగితే మీ ఊరి డీటీపీవాళ్లని అడగండి, చేసిపెడతారు.

ఇక అక్షరాల సంగతి. మన దగ్గర ఇప్పటికీ చాలా పుస్తకాలు పేజ్‌మేకర్ అనే పేజీలు కట్టే సాఫ్ట్‌వేర్లో, 'అను' అనే పాతరకం తెలుగు ఫాంట్లతోనే తయారవుతాయి. అచ్చుకి చక్కగా ఉంటాయి. ఆ మేటర్ తీసి ప్రభుత్వ పోర్టల్లో పేస్ట్ చేస్తే మాత్రం గుర్తుపట్టలేని ఇంగ్లిషు అక్షరాలు, గుర్తులు వస్తాయి. అందుకని పుస్తకం పూర్తయ్యాక పీడీఎఫ్ ఒక్కటే తీసుకుని వెళ్లిపోకండి. యూనికోడ్‌లోకి, అంటే ఏ కంప్యూటర్లోనైనా తెలుగు తెలుగుగానే కనిపించే పద్ధతిలోకి, మార్చిన వర్డ్ ఫైలు కూడా అడిగి తీసుకోండి. మార్చాక ఒకసారి మొత్తం చదవాలి, ముఖ్యంగా వత్తులు. ఒత్తు జారితే అర్థమే మారిపోతుంది, చదివే పరీక్షకుడికి అది మీ తప్పుగానే కనిపిస్తుంది.

దీంతోపాటు ఒక పేజీ సంక్షిప్తం, అర పేజీ మీ పరిచయం, పత్రికల్లో వచ్చిన రచనల జిరాక్సులు తేదీలు కనిపించేలా, వయసు రుజువు, ప్రెస్సువాళ్ల లెటర్‌హెడ్ మీద అంచనా ఖర్చు పెట్టుకోండి. అంచనాలో సైజు, కాపీలు, కాగితం, ఫారాలు విడిగా రాయించాలి. పదహారు పేజీలు ఒక ఫారం లెక్కన ఎన్ని ఫారాలో తెలిస్తే మీరు అడిగే మొత్తం గాల్లోంచి వచ్చింది కాదని చూసేవాళ్లకి అర్థమవుతుంది.

ఇప్పుడు ఎవరికి ఏది.

ముప్పై ఏళ్ల లోపు వాళ్లుంటే ముందు పీఎం-యువ చూడండి. కేంద్ర విద్యాశాఖ కింది నేషనల్ బుక్ ట్రస్ట్ యువ రచయితల కోసం నడిపే పథకం. 2021లో మొదటి విడత, 2022లో రెండోది, 2025లో మూడోది వచ్చాయి. ఎంపికైన వాళ్లకి ఆరు నెలలు నెలకి 50 వేల చొప్పున మొత్తం 3 లక్షలిస్తారు, పుస్తకం వాళ్లే వేస్తారు, అమ్మకాల మీద 10 శాతం రాయల్టీ ఉంటుంది. తెలుగులోనే రాయొచ్చు. మూడో విడతలో సారాంశం, అధ్యాయాల ప్రణాళిక, రెండు మూడు నమూనా అధ్యాయాలు, ఆధార గ్రంథాల పట్టిక కలిపి పదివేల మాటల లోపు అడిగారు. మామూలు కథల పుస్తకాల సైజైన డెమ్మీలో పేజీకి రెండొందల మాటలు వేసుకుంటే యాభై పేజీలు. అది నాలుగు రాత్రుల్లో అయ్యే పని కాదు. పైగా ప్రతి విడతకీ వాళ్లే విషయం ఇస్తారు: స్వాతంత్ర్య పోరాటంలో మరుగునపడిన వీరులు ఒకసారి, ప్రజాస్వామ్యం ఒకసారి. మూడోసారి ప్రవాస భారతీయులు, భారతీయ జ్ఞాన సంప్రదాయం, ఆధునిక భారత నిర్మాతలు. కాల్పనిక సాహిత్యం ఒక్కటే రాసేవాళ్లు ఇది గమనించాలి. గుంటూరు, కృష్ణా జిల్లాల్లో చీరాల పేరాల ఉద్యమం, పల్నాడు పుల్లరి సత్యాగ్రహం లాంటి విషయాల మీద పనిచేస్తున్న పిల్లలున్నారు. వాళ్లకి ఈ మాట ఎవరో ఒకరు చెప్పాలని నా ఆశ.

పుస్తకం అచ్చయి, వయసు ముప్పైఐదు దాటకపోతే సాహిత్య అకాదెమీ యువ పురస్కారం ఉంది. పిల్లల పుస్తకాలకి బాల సాహిత్య పురస్కారం, అనువాదాలకి అనువాద పురస్కారం. మూడిటికీ 50 వేలు. ప్రకటన దినపత్రికల్లోనూ వాళ్ల వెబ్‌సైట్లోనూ వస్తుంది. తెలుగు వ్యవహారాలు చూసేది బెంగళూరు ప్రాంతీయ కార్యాలయం. అకాదెమీ యువ రచయితలకి వేరే రాష్ట్రాలు తిరిగి అక్కడి రచయితల్ని కలవడానికి ప్రయాణ ఖర్చులూ ఇస్తుంది. దాన్ని మనవాళ్లు అసలు పట్టించుకోరు. అనువాదం చేయాలనుకునేవాళ్లకి అంతకంటే మంచి అవకాశం ఇంకొకటి కనబడదు నాకు.

రాతప్రతి దశలో ఉన్నవాళ్లకి ముద్రణ సాయం. పాత పుస్తకాల ఇంప్రింటు పేజీల్లో "తెలుగు విశ్వవిద్యాలయం ఆర్థిక సహాయంతో ముద్రితం" అన్న వాక్యం చూసే ఉంటారు. 1983లో రాష్ట్రంలోని సాహిత్య, కళా అకాడమీల్ని రద్దు చేశాక, 1985లో ఆ విశ్వవిద్యాలయం వచ్చింది. అది హైదరాబాదులో ఉంది, రాష్ట్రం విడిపోయింది. కాబట్టి పాత వాక్యాన్ని నమ్ముకుని దరఖాస్తు పంపకండి. ఈ ఏడాది ప్రకటనలో ఆంధ్రప్రదేశ్ రచయితలు అర్హులో కాదో చదవండి. మన భాషా సాంస్కృతిక శాఖ కార్యాలయం విజయవాడలోనే ఉంది కనుక ఏ పథకం నడుస్తోందో నేరుగా వెళ్లి అడగడమే నయం. భక్తి, పురాణ, ధార్మిక గ్రంథాలకైతే తిరుమల తిరుపతి దేవస్థానం సాయం చేస్తుంది. ఎక్కడ అడిగినా ఒక్కటి గుర్తుంచుకోండి: మంజూరు ఉత్తరం చేతికి రాకుండా ప్రెస్సుకి పంపకండి. అచ్చయిపోయిన పుస్తకానికి ముద్రణ సాయం అడగలేరు.

అనువాదకులకి అన్నిటికంటే ముందు కావలసింది అనుమతి పత్రం. మన చట్టం ప్రకారం రచయిత పోయాక 60 ఏళ్లు హక్కులు వారసులవి. 1979లో పోయిన చలం రచనలు ఇంగ్లిషులోకో హిందీలోకో తేవాలంటే 2039 చివరిదాకా వారసుల అనుమతి తప్పదు. 1936లో పోయిన ప్రేమ్‌చంద్ హిందీ కథలకి ఆ అవసరం లేదు. అయితే బెంగాలీ పుస్తకాన్ని ఎవరో చేసిన ఇటీవలి హిందీ అనువాదం నుంచి మీరు తెలుగు చేస్తుంటే, మూల రచయిత హక్కులు తీరిపోయినా ఆ హిందీ అనువాదకుడి హక్కు ఉంటుంది. ఇది చాలామంది చూడరు. ఫోన్లో "చేసుకోండమ్మా" అన్నది ఏ కమిటీ ముందూ పనికిరాదు, సంతకంతో కాగితం కావాలి.

విదేశీ పుస్తకాలు తెలుగులోకి తెచ్చేవాళ్లకి ఆ దేశాల డబ్బు ఉందని కూడా తెలుసుకోండి. జర్మన్ పుస్తకాలకి గోథే ఇన్‌స్టిట్యూట్, ఫ్రెంచి పుస్తకాలకి భారత ప్రచురణకర్తల కోసమే టాగూర్ పేరుతో ఒక పథకం, ఐర్లండ్‌కి లిటరేచర్ ఐర్లండ్, నార్వేకి నోర్లా, కొరియాకి అక్కడి సాహిత్య అనువాద సంస్థ. వీటిలో ఎక్కువ చోట్ల దరఖాస్తు ప్రచురణకర్తే పెట్టాలి, అదీ పుస్తకం వెలువడక ముందే. హక్కుల ఒప్పందం, అనువాదకుడితో ఒప్పందం, నమూనా అనువాదం అడుగుతారు. మన దగ్గర అసలు చిక్కు రెండో ఒప్పందం దగ్గరే. విజయవాడ ఏలూరు రోడ్డు ప్రచురణ లోకంలో నోటిమాట మీదే పనులు నడుస్తాయి, అందులో ఆప్యాయత ఉంది, నేను కాదనను. కానీ అనువాదకుడికి పారితోషికం ఎంత, ఏ విడతల్లో, అట్ట మీద పేరు ఉంటుందా, రెండో ముద్రణకి ఏమిస్తారు అన్న నాలుగు మాటలు ఒక పేజీలో రాసి ఇద్దరూ సంతకం చేస్తే ఆ కాగితమే గ్రాంటు తెస్తుంది. ప్రచురణకర్త "అన్నా, మన మధ్య కాగితాలెందుకు" అంటే, "గ్రాంటు మీకే వస్తుంది కదన్నా, అందుకే" అనండి.

లైబ్రరీల సంగతి నాకు ప్రాణం. మీ ఇంటిపన్ను రసీదు తీసి చూడండి, లైబ్రరీ సెస్ అని ఒక గడి ఉంటుంది. పన్నులో రూపాయికి 8 పైసలు. ఐదు వేలు పన్ను కట్టే ఇల్లు ఏటా నాలుగొందలు గ్రంథాలయాలకి ఇస్తోంది. 1914లో దేశంలోనే ముందుగా గ్రంథాలయ సంఘం పెట్టుకున్న బెజవాడ మనది. ఆ డబ్బుతో తెలుగు పుస్తకాలు కొనమని అడగడానికి మనకి పూర్తి హక్కుంది. జిల్లా గ్రంథాలయ సంస్థకి కొనుగోలు ప్రకటన ఎప్పుడని రాతపూర్వకంగా అడగండి. కోల్‌కతాలో 1972 నుంచి ఉన్న రాజా రామ్మోహన్ రాయ్ లైబ్రరీ ఫౌండేషన్ కూడా గ్రంథాలయాల కోసం పుస్తకాలు కొంటుంది. పుస్తకం వచ్చిన 30 రోజుల్లో కోల్‌కతా జాతీయ గ్రంథాలయానికీ, చెన్నై కన్నెమరా, ముంబై సెంట్రల్ లైబ్రరీ, ఢిల్లీ పబ్లిక్ లైబ్రరీలకీ ఒక్కో కాపీ పంపాలని 1954 చట్టం చెబుతోంది. స్పీడ్ పోస్టులో పంపి రసీదులు ఫైల్లో పెట్టండి. పుస్తకం వెలువడిందనడానికి అదొక మంచి సాక్ష్యం.

అరవై దాటి ఆదాయం లేని రచయితలకి కేంద్ర సాంస్కృతిక శాఖ వృద్ధ కళాకారుల సాయం ఉంది, నెలకి 6,000 దాకా. ఏడాది ఆదాయం 72,000 మించకూడదు. కళాకారులకే అనుకుని రచయితలు వదిలేస్తారు గానీ సాహిత్యమూ అందులోదే. ఆదాయ ధ్రువపత్రం కోసం వార్డు సచివాలయానికి వెళ్లాలి. పెద్దవాళ్లు ఒంటరిగా తిరగలేరు. మీ ఊళ్లో అలాంటి రచయిత ఉంటే మీరే బండి మీద తీసుకెళ్లండి.

డబ్బు కట్టమనే అవార్డుల జోలికి పోకండి. శాలువా, మెమెంటో ఖర్చులకని ఐదువేలు అడిగేవాళ్లు సాహిత్య సంస్థలు కారు.

దరఖాస్తు పంపిన రోజే మొత్తం ఫైలు స్కాన్ చేసి మెయిల్లో మీకు మీరే పంపుకోండి, రసీదు నంబరు రాసుకోండి. ఆరు నెలలైనా ఉలుకూ పలుకూ లేకపోతే టెన్షన్ పడుతూ కూర్చోవద్దు. సమాచార హక్కు చట్టం కింద పది రూపాయల ఫీజుతో ఒక కాగితం పెట్టండి: నా దరఖాస్తు ఏ దశలో ఉంది, ఎవరి దగ్గర ఉంది, ఈ ఏడాది ఎంత నిధి కేటాయించారు, ఎంత ఖర్చు పెట్టారు. ముప్పై రోజుల్లో జవాబివ్వాలి. జవాబు రాకపోతే అదే కార్యాలయంలో పై అధికారికి మొదటి అప్పీలు, దానికి ముప్పై రోజులు గడువు.