కోఆర్డినేటర్ నుంచి ప్రాజెక్ట్ మేనేజర్ అవ్వాలంటే: గోదావరి జిల్లాల సైట్లలో పనిచేసేవాళ్లకి

కాకినాడ, భీమవరం, అమలాపురం చుట్టుపక్కల ఏ సైట్ ఆఫీసుకి వెళ్లినా ఒక కోఆర్డినేటర్ కనిపిస్తారు. పొద్దున్నే లేబర్ లెక్క తీసుకోవడం, లారీలకి ఫోన్లు చేయడం, మీటింగ్ మినిట్స్ రాయడం, సాయంత్రం హెడ్డాఫీసుకి రిపోర్టు పంపడం, మధ్యలో బిల్లుల కోసం అకౌంట్స్ వాళ్ల చుట్టూ తిరగడం. సైట్లో ఏం జరుగుతోందో అందరికంటే బాగా తెలిసేది వీళ్లకే, కానీ నిర్ణయం వేరేవాళ్లది. ఇలా ఏళ్లు గడిచిపోతున్న వాళ్లు చాలామంది ఉన్నారు, ఎక్కువమంది చేసే ఆలోచన ఒకటే: ఏదో ఒక సర్టిఫికెట్ తెచ్చుకుంటే పని అయిపోతుందని.

సర్టిఫికెట్ సంగతి కిందకి వస్తాను. అంతకంటే ముందు జరగాల్సింది వేరే ఉంది. ఒక తేదీకి, ఒక మొత్తానికి పూచీ పడేవాడే ప్రాజెక్ట్ మేనేజర్. ఆ పూచీ పడటం హోదా రాకముందే, చిన్న చిన్న వాటిలో మొదలుపెట్టాలి.

మీ మెసేజ్‌తో మొదలుపెట్టండి

"సార్, ఇసుక లారీలు రాలేదు. స్లాబ్ లేటవుతుంది." ఇందులో తప్పేమీ లేదు, కానీ ఎన్ని లారీలు, ఎన్ని రోజులు, ఇప్పుడేం చేయాలి అన్న ఆలోచన మొత్తం చదివినవాళ్ల నెత్తిన పడింది. అదే సంగతి ఇలా రాసి చూడండి:

"సార్, ఇవాళ రావాల్సిన నాలుగు ఇసుక లారీల్లో ఒక్కటే వచ్చింది, ర్యాంపు దగ్గర లోడింగ్ ఆగింది. గురువారం వేయాల్సిన స్లాబ్ శనివారానికి వెళ్తుంది. రెడీమిక్స్ తెప్పిస్తే గురువారమే వేయొచ్చు, సుమారు ముప్పై వేలు అదనం. లేదంటే శనివారం దాకా ఆగి, ఈలోపు సెంట్రింగ్ వాళ్లని కాంపౌండ్ వాల్ పని మీద పెడదాం. స్లాబ్ కింద పెట్టాల్సిన మెషినరీ వచ్చే నెలకి గానీ రాదు కాబట్టి ఆఖరి తేదీ మారదు. నేనైతే ఆగుదామంటాను. సాయంత్రం ఐదులోపు చెప్పండి, మేస్త్రిగారికి మాట ఇవ్వాలి."

ఈ రెండో మెసేజ్ రాయాలంటే ఏ పని దేని మీద ఆధారపడిందో, ఏది రెండు రోజులు వెనక్కి జరిగినా ఫర్వాలేదో, ఏది ఒక్కరోజు వెనక్కి జరిగినా ఆఖరి తేదీ కూడా వెనక్కి పోతుందో తెలియాలి. ఒక్కరోజు కూడా జరపలేని పనుల వరసని క్రిటికల్ పాత్ అని, జరిపినా ఫర్వాలేని వెసులుబాటుని ఫ్లోట్ అని పుస్తకాల్లో చెప్పేది ఇదే. షెడ్యూలు వేసే సాఫ్ట్‌వేర్ ప్రైమవెరా నేర్చుకుంటే మంచిదే, మైక్రోసాఫ్ట్ ప్రాజెక్ట్ అయినా సరే, కానీ ముందు మీ సైట్లోని ముప్పై నలభై పనుల్ని ఒక ఎక్సెల్ షీట్‌లో పెట్టి, ప్రతి పనికీ ఎదురుగా "ఇది మొదలవ్వాలంటే ఏది అయిపోవాలి" అన్న కాలమ్ నింపండి. ఆ కాలమ్ నింపేటప్పుడే మీకు తెలియనివన్నీ బయటపడతాయి. వెళ్లి ఇంజినీరుగారిని, ఎలక్ట్రీషియన్‌ని అడగండి. అడిగితే ఎవరూ చిన్నచూపు చూడరు, చాలామందికి చెప్పడం ఇష్టం కూడా.

తేదీలు అడగడంలో కూడా పద్ధతి ఉంది. మేస్త్రిని "ఎప్పటికవుతుందండి" అని అడిగితే "రేపటికల్లా అయిపోద్దండి" అనే అంటారు. మోసం చేయాలని కాదు, ఎదుటి మనిషిని కాదనలేక. "రేపు ఎంతమంది వస్తున్నారు? ఐరన్ మొత్తం దిగిందా, ఇంకా కటింగ్ ఎంత మిగిలింది?" అని అడగండి. ఆ జవాబుల్లోంచి అసలు తేదీ మీరే కట్టుకోవచ్చు.

నీళ్ల సంగతి తెలియకుండా ఇక్కడ షెడ్యూలు వేయొద్దు

రిస్క్ రిజిస్టర్, అంటే పనికి ఏ అడ్డం రావచ్చో, వస్తే ఏం చేయాలో రాసుకునే పట్టిక, అనగానే చాలామంది ఇంటర్నెట్‌లో దొరికిన టెంప్లేట్ తెచ్చి "వాతావరణం: మీడియం" అని నింపి ఫైల్లో పడేస్తారు. డెల్టాలో అది పనికిరాదు. కాలువ మీద కల్వర్టో, కాలువ గట్టు పక్కన రిటైనింగ్ వాలో కడుతున్నారనుకోండి. దాళ్వా (రబీ వరి) చివరికొచ్చాక ఏప్రిల్‌లో కాలువలకి నీళ్లు ఆపేస్తారు, సార్వాకి (ఖరీఫ్ వరి) జూన్‌లో మళ్లీ వదులుతారు. నీళ్లలో చేయాల్సిన పనంతా ఆ మధ్యలోనే. అది దాటితే ఆలస్యం వారాల్లో ఉండదు, మళ్లీ ఏడాదికి వెళ్తుంది. అందుకని డిజైన్ అప్రూవల్, మెటీరియల్, కాఫర్ డ్యామ్ (పని జరిగేచోట నీళ్లు రాకుండా వేసే తాత్కాలిక అడ్డుకట్ట) సామాను అన్నీ మార్చి నెలాఖరుకి చేతిలో ఉండాలని వెనక నుంచి లెక్కేసుకుంటూ రావాలి. సరిగ్గా ఆ రోజుల్లోనే దాళ్వా కోతలు, మనుషులు దొరకరు. సంక్రాంతి వారం సంగతి ఇక్కడివాళ్లకి వేరే చెప్పక్కర్లేదు, కానీ హైదరాబాద్ ఆఫీసులో వేసిన షెడ్యూల్లో జనవరి 13, 14, 15 తేదీల్లో కూడా ఫుల్ లేబర్ రాసి ఉంటుంది. అది చూసిన రోజే మీరు చెప్పాలి.

వరదకి మాత్రం కచ్చితమైన అంకెలు ఉన్నాయి, వాడుకోండి. ధవళేశ్వరం బ్యారేజీ దగ్గర 11.75 అడుగులకి మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75కి రెండోది, 17.75కి మూడోది. పైన భద్రాచలంలో 43, 48, 53 అడుగులు. భద్రాచలంలో పెరిగిన నీరు కిందకి రావడానికి టైం పడుతుంది, ఆ టైమే మీకు చేతిలో ఉన్న అవకాశం. లంకల్లోనో ఏటిగట్టు పక్కనో సైట్ ఉంటే రిజిస్టర్‌లో ఇలా రాయండి: భద్రాచలంలో 43 దాటగానే సిమెంట్ బస్తాలు మెరక మీదికి, ఇసుక ఒక వారానికి సరిపడా ముందే స్టాక్; ధవళేశ్వరంలో మొదటి హెచ్చరిక రాగానే మోటార్లు, వెల్డింగ్ సెట్లు పైకి; రెండోది వస్తే లేబర్ క్యాంపు ఖాళీ. ఎవరు చేయాలో పేరు, ఫోన్ నంబరు పక్కనే. ఇలాంటి ఒక్క పేజీ జులైకి ముందే తయారుచేసి మేనేజర్ టేబుల్ మీద పెట్టిన కోఆర్డినేటర్‌ని ఆ తర్వాత ఎవరూ ఫాలోఅప్ మనిషిగా చూడరు. ఇది నేను గట్టిగా నమ్మే మాట.

డబ్బు లెక్క

కోఆర్డినేటర్లు ఎక్కువగా వెనకబడేది ఇక్కడే. బిల్లులు ఫార్వర్డ్ చేస్తారు గానీ చదవరు. రన్నింగ్ బిల్లు (అయిన పని మేరకు మధ్యమధ్యలో పెట్టే బిల్లు), మెజర్‌మెంట్ బుక్ (అయిన పని కొలతలు రాసే పుస్తకం), రిటెన్షన్ డబ్బు (బిల్లులోంచి పట్టి ఉంచుకునే మొత్తం), అడ్వాన్సు రికవరీ (ముందిచ్చిన డబ్బు బిల్లుల్లో కోసుకోవడం), ఈ నాలుగూ మీ ప్రాజెక్టులో ఎలా నడుస్తున్నాయో అకౌంట్స్ వాళ్ల పక్కన కూర్చుని నేర్చుకోండి.

ఒక లెక్క చూపిస్తాను. 40 లక్షల పని. ఇవాళ్టికి ప్లాన్ ప్రకారం సగం, అంటే 20 లక్షల విలువైన పని అయిపోవాలి. అయింది 40 శాతం, అంటే 16 లక్షల విలువ. ఖర్చు 18 లక్షలు. చాలామంది "20 అనుకుంటే 18 అయింది, రెండు లక్షలు మిగిలింది" అని రిపోర్టు పంపేస్తారు. నిజానికి 16 లక్షల పనికి 18 పెట్టాం, ఇదే లెక్కన పోతే 40 లక్షల పని 45 లక్షలకి తేలుతుంది. ఎర్న్‌డ్ వాల్యూ అంటారు దీన్ని. నెలకోసారి ఈ మూడు అంకెలూ, అంటే అవ్వాల్సిన పని విలువ, అయిన పని విలువ, అయిన ఖర్చు, మీ రిపోర్టు పైన పెట్టండి, ఎవరూ అడగకపోయినా సరే.

అలాగే ఓనరు సైట్‌కి వచ్చి "ఇక్కడ ఇంకో రూమ్ వేసేయండి" అని వెళ్లిపోతే, ఆ సాయంత్రమే "మీరు చెప్పిన అదనపు రూమ్‌కి ఇంత ఖర్చు, ఇన్ని రోజులు, ఓకే అంటే మొదలుపెడతాం" అని మర్యాదగా మెయిల్ పెట్టించండి. నోటిమాట మీద చేసిన పనికి బిల్లు రావడం కష్టం.

సర్టిఫికెట్ ఎప్పుడు

ప్రాజెక్ట్ మేనేజ్‌మెంట్ ఇన్‌స్టిట్యూట్ ఇచ్చే పీఎంపీ (ప్రాజెక్ట్ మేనేజ్‌మెంట్ ప్రొఫెషనల్) సర్టిఫికెట్‌కి నాలుగేళ్ల డిగ్రీ ఉన్నవాళ్లకి 36 నెలలు, ఇంటర్ చదువైతే 60 నెలలు ప్రాజెక్టు పనిని నడిపించిన అనుభవం కావాలి, దాంతోపాటు 35 గంటల శిక్షణ. మేనేజర్ అనే హోదా ఉండి తీరాలని లేదు, పని నడిపించారా లేదా అన్నదే లెక్క. కొన్ని అప్లికేషన్లని ఆడిట్‌కి తీస్తారు, అప్పుడు మీ పైవాళ్లు ధృవీకరించాలి, కాబట్టి చేసింది చేసినట్టే రాయండి. అంత అనుభవం లేనివాళ్లకి అదే సంస్థ ఇచ్చే మొదటి మెట్టు సర్టిఫికెట్ సీఏపీఎం ఉంది, 23 గంటల శిక్షణ చాలు. ఫీజు తక్కువేం కాదు. నా సలహా ఏమిటంటే పైన చెప్పినవి ఒక ఏడాది చేశాక కట్టండి, అప్పుడు పరీక్షలో వచ్చే సందర్భాలన్నీ మీ సైట్‌లో చూసినవిలాగే అనిపిస్తాయి.

అడగాలి

బాగా పనిచేస్తే వాళ్లే గుర్తిస్తారని కూర్చుంటే, బాగా పనిచేస్తున్నారు కాబట్టి కోఆర్డినేటర్‌గానే ఉంచేస్తారు. అలాగని "ప్రమోషన్ ఇవ్వండి" అని అడగొద్దు, పని అడగండి. "సార్, ఆ పంప్‌హౌస్ పని మొదటి నుంచి హ్యాండోవర్ దాకా నాకు వదిలేయండి, వారానికోసారి మీకు చూపిస్తాను" అనండి. అయిదారు లక్షల పనైనా చాలు. మొదలు, ముగింపు, బడ్జెట్ మూడూ మీ చేతిలో ఉండాలి. ఇంతకాలం అన్నా అని పిలిచిన ఇంజినీర్లకి ఇప్పుడు తేదీలు చెప్పాల్సి వస్తుంది, మొదట్లో ఇబ్బందిగానే ఉంటుంది. పిలుపు మార్చక్కర్లేదు. "అన్నా, బుధవారం అన్నావు, ఇవాళ శుక్రవారం, ఏం అడ్డమొచ్చిందో చెప్పు, నేను చూస్తాను" అంటే చాలు. పదిమందిలో మాత్రం నిలదీయొద్దు.

ఏడాదిన్నరైనా మీ కంపెనీలో కదలిక లేకపోతే బయట చూడండి. కాకినాడ పోర్టుల పనులు, కృష్ణా గోదావరి (కేజీ) బేసిన్ గ్యాస్ పనులు, భీమవరం వైపు రొయ్యల ప్రాసెసింగ్ ప్లాంట్లు, అన్నిచోట్లా ఈ మనుషులు కావాలి. రెజ్యూమెలో "టీములతో కోఆర్డినేట్ చేశాను" అన్న వాక్యాలు తీసేసి ఏ పని, ఎంత విలువ, ఏ తేదీ అనుకున్నాం, ఏం అడ్డమొచ్చింది, మీరేం నిర్ణయించారు, ఎప్పటికి తేలింది అన్న వరసలో మూడు సంగతులు రాయండి. మొదట అసిస్టెంట్ ప్రాజెక్ట్ మేనేజర్ హోదా ఇస్తామన్నా తీసుకోండి.

ఇంటర్వ్యూ చివర్లో మీరూ రెండు ప్రశ్నలు అడగండి: ఎంత మొత్తం వరకు నా సంతకంతో ఖర్చు పెట్టొచ్చు, సబ్‌కాంట్రాక్టర్‌ని మార్చాలంటే ఎవరు చెప్పాలి. రెండింటికీ "అన్నీ హెడ్డాఫీసే చూసుకుంటుంది" అన్న జవాబొస్తే, ఆఫర్ లెటర్‌లో ఏ హోదా రాసినా అది మళ్లీ కోఆర్డినేటర్ ఉద్యోగమే, జీతం బాగా పెరిగితే తప్ప వెళ్లొద్దు.